ఒకే జబ్బు, ఇద్దరు తారలు



1959లో అమెరికా టెలివిజన్‌లో రిచర్డ్ డైమండ్ అనే డిటెక్టివ్ సీరియల్ వచ్చేది. హీరోకి ఫోన్లో కబుర్లు అందించే శామ్ అనే అమ్మాయి అందులో ఒక పాత్ర. ఆ అమ్మాయి మొహం ప్రేక్షకులకు చూపించేవారు కాదు. కాళ్లు కనిపించేవి, గొంతు వినిపించేది, అంతే. ఆ కాళ్లూ ఆ గొంతూ మేరీ టైలర్ మూర్ అనే 22 ఏళ్ల అమ్మాయివి. అంతకుముందు ఆమె హాట్‌పాయింట్ అనే కంపెనీ పొయ్యిల, ఫ్రిజ్‌ల ప్రకటనల్లో ఒక బుల్లి మాయమనిషి వేషం కట్టి గంతులేసేది. కడుపుతో ఉండటంతో బిగుతైన ఆ దుస్తుల్లో పొట్ట దాగలేదు, ఆ పనీ పోయింది. మొహం చూపించకుండా మొదలైన ఈ అమ్మాయి పేరే మరో పదేళ్లకు ఒక సీరియల్‌కు పేరైంది.

ఈవేళ ఆమె గురించి చెప్పుకుందాం. పక్కనే మన సావిత్రి గురించి కూడా. ఇద్దరిదీ దాదాపు ఒకే ఈడు. ఇద్దరికీ షుగర్ జబ్బు. ఇద్దరికీ తాగుడు. ఒకరు తాగుడులోంచి బయటపడి 80 ఏళ్లు బతికారు. ఇంకొకరు నలభై అయిదారేళ్లకే వెళ్లిపోయారు. ఆమెకు మనసు గట్టిది, ఈమెకు కాదు అని తేల్చేయడం సులువే. కానీ తేదీలు పక్కపక్కన పెట్టి చూస్తే సంగతి వేరేలా కనిపిస్తుంది.

మేరీ 1936 డిసెంబరు 29న న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో పుట్టింది. చిన్నప్పుడే కుటుంబం లాస్ ఏంజిలిస్‌కు మారింది. తల్లికి తాగుడు అలవాటు ఉండేది. 1961లో డిక్ వాన్ డైక్ షోలో హీరో భార్య లారా వేషం దొరికింది. అప్పటిదాకా టీవీలో ఇల్లాలంటే గౌను వేసుకుని, ముత్యాల దండ పెట్టుకుని వంటింట్లో తిరగాల్సిందే. మేరీ మాత్రం ఇంట్లో ఆడవాళ్లు నిజంగా వేసుకునే ప్యాంటే వేసుకుంటానంది. ప్రకటనలిచ్చే కంపెనీలు గొణిగాయి. ప్రేక్షకులు మాత్రం ఆ ప్యాంటుతోనే ఆమెను ఇంట్లో మనిషిలా చూసుకున్నారు. ఆ పాత్రకు రెండు ఎమ్మీ అవార్డులు వచ్చాయి. టీవీవాళ్లకు ఎమ్మీ అంటే సినిమావాళ్లకు ఆస్కార్ లాంటిది.

1970 సెప్టెంబరులో మేరీ టైలర్ మూర్ షో మొదలైంది. మిన్నియాపొలిస్ అనే ఊళ్లో ఒక టీవీ స్టేషన్, దాని వార్తా విభాగంలో పనిచేసే మేరీ రిచర్డ్స్. 30 ఏళ్లు, పెళ్లి కాలేదు, పెళ్లి కోసం ఎదురుచూడటం లేదు. రచయితలు మొదట ఆమెను విడాకులు తీసుకున్న మనిషిగా రాశారు. చానెల్‌వాళ్లు ఒప్పుకోలేదు. డిక్ వాన్ డైక్‌నే వదిలేసి వచ్చిందని జనం అనుకుంటారని వాళ్ల భయమట! పాత్రనూ మనిషినీ కలిపేసి చూసే జబ్బు మనకొక్కరికే కాదన్నమాట. ఆ షో ఏడేళ్లు నడిచింది. 168 భాగాలు, 29 ఎమ్మీలు. 2002లో ఫ్రేజర్ అనే సీరియల్ దాటేదాకా ఆ లెక్కను ఎవరూ అందుకోలేదు. భర్త గ్రాంట్ టింకర్‌తో కలిసి ఎమ్‌టీఎమ్ అనే నిర్మాణ సంస్థ పెట్టుకుంది. ఎమ్‌జీఎమ్ సినిమాలకు ముందు సింహం గర్జిస్తుంది కదా, ఈ సంస్థ గుర్తులో ఒక పిల్లిపిల్ల మ్యావ్ అంటుంది.

సాయంత్రం ఇంటికొస్తే మందు. భార్యాభర్తలిద్దరికీ అది అలవాటు. దాన్ని ఆ ఊళ్లో, ఆ వృత్తిలో ఎవరూ జబ్బు అనుకోలేదు. షో ఆగలేదు, నవ్వులు ఆగలేదు. తాగుబోతు అంటే పని మానేసి కాలవగట్టున పడి ఉండే మనిషేనని మనం కూడా అనుకుంటాం. పొద్దున్నే స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని డ్యూటీకి వెళ్లే తాగుబోతులు మన వీధిలో ఎంతమందో! పని సాగినంతకాలం ఇంట్లోవాళ్లూ, పైవాళ్లూ ఎవరూ కదపరు.

మేరీకి 33 ఏళ్ల వయసులో గర్భస్రావమైంది. ఆస్పత్రిలో రక్తపరీక్ష చేస్తే టైప్ 1 షుగర్ బయటపడింది. అప్పటినుంచి రోజూ ఇన్సులిన్. ఇక్కడ ఒక్క నిమిషం ఆగాలి. రక్తంలో చక్కెర పడిపోతే కాలేయం తన దగ్గర దాచిన చక్కెరను విడుదల చేసి ఆదుకుంటుంది. కడుపులో మందు పడితే కాలేయం ముందు ఆ మందును విరిచే పనిలో పడిపోతుంది, చక్కెర సంగతి వెనక్కిపోతుంది. ఇన్సులిన్ తీసుకుని, సరిగ్గా తినకుండా తాగిన మనిషి నిద్రలోనే స్పృహ తప్పవచ్చు. చూసేవాళ్లేమో ఎక్కువైంది, పడుకోనివ్వండి అంటారు. షుగర్ ఉన్నవాళ్లకు తాగుడు రెండింతల ప్రమాదం కావడానికి కారణమిదే.

తర్వాతి ఏళ్లలో దెబ్బ మీద దెబ్బ. 1978లో చెల్లెలు ఎలిజబెత్ మందుబిళ్లలూ మద్యమూ మోతాదు మించి చనిపోయింది. 21 ఏళ్లు. 1980లో ఆర్డినరీ పీపుల్ అనే సినిమా వచ్చింది. కొడుకు చనిపోయాక ఏడవలేక, మిగిలిన కొడుకును దగ్గరికి తీసుకోలేక రాయిలా మారిపోయిన తల్లి వేషం మేరీది. పదేళ్లు నవ్వించిన మొహంలో అంత చల్లదనం ఎవరూ ఊహించలేదు. ఆస్కార్ నామినేషన్ వచ్చింది. ఆ సినిమా విడుదలై నెల తిరగకముందే, అక్టోబరులో, మేరీ ఒక్కగానొక్క కొడుకు రిచీ తుపాకీ సర్దుతుండగా అది పేలి చనిపోయాడు. 24 ఏళ్లు. ఆ తుపాకీ మీట ముట్టుకుంటే పేలిపోయే రకం, తర్వాత ఆ నమూనాను కంపెనీ మార్కెట్లోంచి తీసేసింది. మరుసటి ఏడాది టింకర్‌తో విడాకులు.

1983లో రాబర్ట్ లెవిన్ అనే డాక్టరును పెళ్లాడింది. 1984లో కాలిఫోర్నియాలోని బెట్టీ ఫోర్డ్ సెంటర్‌లో చేరింది.

ఈ బెట్టీ ఫోర్డ్ ఎవరంటే అమెరికా అధ్యక్షుడు జెరాల్డ్ ఫోర్డ్ భార్య. మెడనొప్పికి ఇచ్చిన మాత్రలూ మద్యమూ కలిసి ఆమెను పట్టుకున్నాయి. 1978లో భర్తా పిల్లలూ ఎదురుగా కూర్చుని, నీ తాగుడు వల్ల మేమేం పోగొట్టుకున్నామో విను అని ఒక్కొక్కరే చెప్పారు. ఆమె లాంగ్ బీచ్ నౌకాదళ ఆస్పత్రిలో చేరింది, చేరిన సంగతి దాచలేదు. నాలుగేళ్ల తర్వాత, 1982 అక్టోబరులో, తన పేరుతోనే వైద్యకేంద్రం తెరిపించింది. అక్కడ సినిమా తారకు వేరే గది ఉండదు. పక్క తనే సర్దుకోవాలి, వంతు వచ్చినప్పుడు ఊడవాలి. 1983 చివర్లో అక్కడ చేరిన ఎలిజబెత్ టేలర్ చెత్తబుట్ట బయటపెట్టే వంతు చేసింది. సాయంత్రాలు గుండ్రంగా కూర్చుని, లారీ డ్రైవరూ లాయరూ ఇల్లాలూ హీరోయినూ ఒకరి ముందు ఒకరు మాట్లాడాలి. 1935లో ఒహాయో రాష్ట్రంలోని ఏక్రన్‌లో ఇద్దరు తాగుబోతులు, ఒక షేర్ల వ్యాపారి, ఒక సర్జను, కలిసి మొదలుపెట్టిన ఆల్కహాలిక్స్ అనానిమస్ పద్ధతికి డాక్టర్లనూ కౌన్సెలర్లనూ జతచేసిన చికిత్స అది. దాన్ని మిన్నెసోటా పద్ధతి అంటారు, 1949లో ఆ రాష్ట్రంలో పెట్టిన హేజెల్డెన్ కేంద్రం దాని పుట్టిళ్లలో ఒకటి. మేరీ ఏడేళ్లపాటు టీవీలో కాపురమున్న మిన్నియాపొలిస్ కూడా మిన్నెసోటాలోదే కావడం విచిత్రం.

బయటికొచ్చాక మేరీ మళ్లీ తాగలేదు. సిగరెట్లు కూడా మానేసింది. కథ ఇక్కడ సుఖాంతమై జండా ఎగరేస్తే బాగుండును కానీ, అలా జరగలేదు. 1985లో చేసిన కొత్త సీరియల్ ఆడలేదు. 1988లో ఇంకొకటి, అదీ ఆడలేదు. తాగుడు మానితే హిట్లు వస్తాయని ఎవరూ హామీ ఇవ్వరు. ఆ పరాజయాలను మాత్రం ఆమె మందు లేకుండా దాటింది. నన్నడిగితే ఆ అవార్డులన్నిటికంటే ఇదే పెద్దది. 1993లో స్టోలెన్ బేబీస్ అనే టీవీ సినిమాలో పసిపిల్లల్ని అమ్ముకునే దుర్మార్గురాలి వేషానికి ఎమ్మీ వచ్చింది. 1995లో ఆత్మకథ రాసింది. మత్తులో కారు నడిపిన రోజుల్ని కూడా అందులో దాచలేదు. 1984 నుంచే టైప్ 1 షుగర్ పిల్లల కోసం పనిచేసే అంతర్జాతీయ సంస్థకు అధ్యక్షురాలిగా ఉండి, పరిశోధనకు డబ్బు అడగడానికి అమెరికా పార్లమెంటు ముందు సాక్ష్యం చెప్పింది. 2017 జనవరి 25న చనిపోయింది. మందు ముట్టకుండా 30 ఏళ్లకు పైగా గడిపింది.

ఇప్పుడు మన ఇంటికి వద్దాం.

గుంటూరు జిల్లా చిర్రావూరులో పుట్టిన సావిత్రి గురించి తెలుగువాళ్లకు కొత్తగా చెప్పేదేముంది? పాతాళభైరవిలో ఒక్క నాట్యం చేసి పోయిన పిల్ల రెండేళ్లకు దేవదాసులో పార్వతి, 1955లో మిస్సమ్మ, 1957లో మాయాబజార్ శశిరేఖ. శశిరేఖ రూపం ధరించిన ఘటోత్కచుడిగా ఆమె మీసం మెలేసినట్టు చెయ్యి తిప్పే చోటు చూడండి, చాలు. 1968లో ఎక్కువగా స్త్రీలనే సాంకేతిక నిపుణులుగా పెట్టుకుని చిన్నారి పాపలు సినిమాకు దర్శకత్వం వహించింది. మేరీ పిల్లిపిల్ల కంపెనీ పెట్టడానికి ఒక ఏడాది ముందే! కానీ సొంత సినిమాలు ముంచాయి. మూగమనసులు కథనే తమిళంలో తీసిన ప్రాప్తం 1971లో నష్టం తెచ్చింది. ఆదాయపు పన్ను బకాయిలకు ఆస్తులు పోయాయి. కాపురం చెడింది. తాగుడు ముదిరింది, షుగర్ ముదిరింది.

తాగుడు ఎవరు అలవాటు చేశారు, ఏ రాత్రి మొదలైంది అనే పంచాయితీ ఇన్నేళ్లుగా నడుస్తూనే ఉంది. 2018లో ఆమె కథతో మహానటి సినిమా వచ్చి దాన్ని మళ్లీ రేపింది. ఆ పంచాయితీ వల్ల ఒరిగేదేమీ లేదు. అడగాల్సింది వేరొకటి: ఆ రోజుల్లో మద్రాసులో ఒక నటి, నాకీ తాగుడు మాన్పించండి అని ఎక్కడికి వెళ్లాలి? పిచ్చాసుపత్రికా? వెళ్తే మర్నాడు పత్రికల్లో ఏం రాసేవారు? తెలుగువాళ్లు డెబ్బై ఏళ్లుగా దేవదాసు మీద జాలి పడుతూనే ఉన్నారు. ఆ సినిమాలో పార్వతి వేసిన మనిషి నిజంగా తాగుడు పాలైనప్పుడు మాత్రం ఆ జాలి కనపడలేదు, గుసగుసలే కనపడ్డాయి.

1980 మేలో షూటింగ్ కోసం బెంగళూరు వెళ్లిన సావిత్రి అక్కడ స్పృహ తప్పింది. 19 నెలలు కోమా. 1981 డిసెంబరు 26న మద్రాసులో కన్నుమూసింది.

సరిగ్గా అదే 1980లో, అదే మద్రాసులో, ఇంకొకటి జరిగింది. టీటీకే వ్యాపార కుటుంబానికి చెందిన టి.టి. రంగనాథన్ అంతకుముందు ఏడాది తాగుడు జబ్బుతో చనిపోయారు. 33 ఏళ్లు. డబ్బుకు కొదవలేని ఇల్లు కనుక వైద్యానికి అమెరికా దాకా వెళ్లారు, అయినా దక్కలేదు. ఆయన భార్య శాంతి రంగనాథన్ తెల్లచీర కట్టుకుని ఇంట్లో కూర్చోలేదు. హేజెల్డెన్‌లో శిక్షణ తీసుకుంది, భర్త పేరుతో సంస్థ పెట్టి తాగుడు మాన్పించే వైద్యం మొదలుపెట్టింది. దేశంలో ఈ పని చేసిన తొలి కేంద్రాల్లో అదొకటి. 1992లో ఆమెకు పద్మశ్రీ వచ్చింది. లెక్క వేసుకోండి. సావిత్రి కోమాలోకి వెళ్లిన ఏడాది మద్రాసులో ఈ వైద్యం మొదలైంది. చనిపోయిన తొమ్మిది నెలలకు బెట్టీ ఫోర్డ్ సెంటర్ తెరిచారు. ఇంకో రెండేళ్లకు మేరీ అందులోకి నడిచి వెళ్లింది. సావిత్రి మనసు గట్టిదా మెత్తనిదా అన్న ప్రశ్న ఈ తేదీల ముందు నిలవదు.

అది అప్పటి మాట. మరి ఇప్పుడు మన దగ్గర? 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం తెలంగాణలో పదిహేనేళ్లు దాటిన మగవాళ్లలో 43 శాతం, ఆడవాళ్లలో దాదాపు 7 శాతం మద్యం తాగుతున్నారు. మన పల్లెల్లో ఆడవాళ్లు పండక్కో పబ్బానికో కల్లు తాగడం తప్పు కాదు, ఎవరూ ముక్కున వేలేసుకోరు. గొడవల్లా తాటిచెట్టు దిగిన కల్లుతో కాదు, ఆల్ప్రాజోలం అనే మత్తుమందు కలిపిన కల్లుతో. 2015లో నిజామాబాద్ ప్రాంతంలో కల్తీ కల్లు మీద దాడులు చేసి సరఫరా ఆపితే, అది అలవాటైనవాళ్లు వణుకుతూ, వింతగా ప్రవర్తిస్తూ ఆస్పత్రుల ముందు బారులు తీరారు. కూలికి పోయే ఆడవాళ్లు కూడా వాళ్లలో ఉన్నారు. వాళ్లెవరూ మత్తు కోసం వెతుక్కుంటూ వెళ్లినవాళ్లు కాదు.

మానడమంటే ఏమిటో దగ్గరగా చూద్దాం. రోజూ బాగా తాగే మనిషి ఒక్కసారిగా ఆపేస్తే మొదటి రోజే చేతులు వణుకుతాయి, చెమటలు పడతాయి, వాంతులవుతాయి. ఫిట్స్ రావచ్చు. రెండు మూడు రోజులకు కొందరికి మతి తప్పుతుంది. గోడ మీద పురుగులు పాకుతున్నాయంటాడు. దుప్పటి అంచు మీద ఏవో ఏరుతున్నట్టు వేళ్లు ఆడిస్తుంటాడు. గాలి సోకిందని ఊళ్లో భూతవైద్యుడి దగ్గరికి తీసుకెళ్తారు. అది గాలి కాదు, డెలీరియం అనే ప్రాణాపాయ స్థితి. ఆస్పత్రిలో అయితే లోరాజెపామ్ లాంటి మందులు, బి1 విటమిన్ ఇచ్చి గట్టెక్కిస్తారు. వారం పది రోజుల్లో ఒళ్లు కుదుటపడుతుంది. ఇక అసలు పని అప్పుడు మొదలవుతుంది.

అయ్యప్ప మాల వేసుకుని 41 రోజులు చుక్క ముట్టని మనిషి, మాల తీసిన సాయంత్రమే మళ్లీ సీసా పట్టడం మనకు తెలుసు. ఆపగలడు, ఆపి ఉండలేడు. ఆ ఉండటానికే కౌన్సెలింగూ, తోటి మానినవాళ్ల సమావేశాలూ, కొందరికి నాల్ట్రెక్సోన్ లాంటి మాత్రలూ. ఇంకొక మాట. బస్టాండు గోడల మీద, కరెంటు స్తంభాల మీద కాగితాలు చూస్తుంటాం, తాగేవారికి తెలియకుండా మాన్పిస్తామని. అన్నంలో కలిపే ఆ పొడుల్లో ఏముందో చెప్పేవాళ్లుండరు. డైసల్ఫిరామ్ అనే మందు ఉంది, అది పడిన ఒంట్లో మద్యం పడితే మొహం ఎర్రబడి, వాంతులై, బీపీ పడిపోతుంది. డాక్టరు చెప్పి, రోగి ఒప్పుకుని తీసుకోవాల్సిన మందు అది. చాటుగా పెడితే ప్రాణం మీదికి వస్తుంది.

2019లో కేంద్ర ప్రభుత్వం ఎయిమ్స్ చేత చేయించిన సర్వే ఫలితం ఒకటి ఉంది. మన దేశంలో మద్యానికి బానిసలైన ప్రతి 38 మందిలో ఏదో ఒక చికిత్స లేదా సాయం అందింది ఒక్కరికే. మిగిలిన 37 మందీ మద్రాసులో సావిత్రి ఉన్న చోటే ఉన్నారు. తేడా ఏమిటంటే ఆమెకు ఆ వైద్యం అప్పటికి లేదు, వీళ్లకు ఉంది.

వరంగల్ ఎంజీఎం ఆస్పత్రిలో మానసిక వైద్య విభాగం ఉంది. హైదరాబాద్ ఎర్రగడ్డలో మానసిక వైద్య సంస్థ ఉంది. ఆస్పత్రికి వెళ్లడానికి ముందు ఎవరితోనైనా మాట్లాడాలనిపిస్తే టెలీ మానస్ నంబరు 14416. రాత్రి పగలు పనిచేస్తుంది, తెలుగులో మాట్లాడతారు. మత్తు అలవాట్లు మాన్పించడానికి ప్రత్యేకంగా ఉన్న జాతీయ నంబరు 14446. రెండింటికీ డబ్బు లేదు. తాగే మనిషే చేయాలని లేదు, భార్య చేసినా, కొడుకు చేసినా, కూతురు చేసినా సలహా చెబుతారు. కాగితం దగ్గరుంటే రాసుకోండి, మరోసారి చెబుతున్నాను: 14416, 14446.